దొరసానికి రాని ఏడుపు

ఐరిస్ దొరసాని షూటింగుకు మా తోటకు వచ్చేనాటికి ఆమెకు యాభై దగ్గర పడ్డాయి. పద్నాలుగేళ్లకే లండన్ నాటకాల్లో పెద్ద వేషాలు వేసిందట. యుద్ధానికి ముందు సినిమాల్లో ఆమెదే రాజ్యమట. ఇప్పుడు పిలిచేవాళ్లు లేక, మలయాలో కమ్యూనిస్టుల మీద ఎమర్జెన్సీ పెట్టిన రోజుల్లో, తుపాకీల కాపలాలో తెలుక్ ఆన్సన్ దగ్గరి రబ్బరు తోటలో తల్లి వేషానికి ఒప్పుకుంది. ఇదంతా బంగళాలో వంటచేసే మార్తా చెప్పింది. ఆమెకు ఇంగ్లీషు వచ్చు.

మా అక్క పాపాయి దొరసాని తల దువ్వేది, బట్టలు ఇస్త్రీ చేసేది. భర్త పోయాడు. మూడేళ్ల కూతురు వల్లి. ఒక సాయంత్రం దొరసాని అక్క చేతిలో పాలడబ్బా పెట్టింది. అడవిలో దాక్కున్న ఆ కమ్యూనిస్టులకు తిండి చేరకూడదని ఆ రోజుల్లో కొట్టువాడు ఏ డబ్బా అమ్మినా నిలవ ఉండకుండా మూతకు కన్నం పొడిచే ఇవ్వాలి. కన్నం లేని డబ్బాతో గేటు దాటడం నేరం. దొరసాని ఇచ్చింది కదా, ఎవరేమంటారని అక్క దాన్ని అలాగే పట్టుకుని, వల్లిని చంకనేసుకుని బయలుదేరింది.

గేటు దగ్గర పోలీసులు పట్టుకున్నారు. దొరసానిని అడిగితే, "నేనివ్వలేదు" అంది. పేపరులో పేరు పడితే ఈ వేషమూ పోతుందని ఆమె భయం. వల్లిని లాగి, వెనకే వస్తున్న నా చేతుల్లో పడేసి అక్కను లారీ ఎక్కించారు. గురువారం ఓడలో ఇండియాకు పంపేస్తామన్నారు.

మంగళవారం బంగళాకు పరుగెత్తాను.

"ఆ డబ్బా తానే ఇచ్చినానని ఒక్క కాయితం రాయమని సెప్పు, మార్తక్కా!"

దొరసాని నన్ను ఎగాదిగా చూసి ఏదో అంది.

"ఏటంటాది?"

"లారీ ఎక్కేటప్పుడు మీ అక్క ఎలా ఏడ్సినాదో సేసి సూపించమంటాది."

"ఏటీ?"

"సినిమాలో బిడ్డని ఓడెక్కించి తల్లి ఏడవాల. కంట్లో మందేస్తే నీళ్లొస్తన్నాయి గానీ ఏడుపు రాదంట. సూపించు. సూపిస్తే రాస్తాదేమో."

చూపించాను. అక్క అరవలేదు. లారీ కమ్మీ పట్టుకుని, గాలి అందనట్టు నోరు తెరిచి, ఖాళీ చంకను తడుముకుంది. దొరసాని నా పక్కన నిలబడి తానూ చేసింది. మళ్లీ చెయ్యమంది. నాలుగోసారికి నాకు నిజంగానే ఏడుపొచ్చింది.

"ఇది వద్దంట. ముందుదే బాగుందంట," అంది మార్తా తల దించుకుని.

బుధవారం ఆ సీను ఒక్క తడవకే అయిపోయింది. అందరూ చప్పట్లు కొట్టారు. సంతోషిస్తే రాస్తుందని నేనూ కొట్టాను. కాగితం, పెన్ను పట్టుకుని కారు దాకా వెంటపడ్డాను. రేపు రాస్తానంది. మర్నాడు తెల్లవారకముందే వెళ్లాను. దొరసాని నిద్ర లేవలేదని మార్తా గుమ్మంలోనే ఆపేసింది. ఓడ వెళ్లిపోయింది. అక్క నుంచి రెండు ఉత్తరాలు వచ్చాయి, అంతే.

మెర్డెకా, అంటే మలయాకు స్వాతంత్ర్యం, వచ్చిన ఏడు ఆ సినిమాను తోట మైదానంలో తెర కట్టి చూపించారు. దొరసాని చంక తడుముకోగానే జనం ముక్కులు చీదారు. నా ఒడిలో వల్లి కళ్లు తుడుచుకుంది.

"పిన్నీ, ఈ తెల్లావిడ ఎంత బాగా ఏడ్సినాదో!"

"అవునే," అన్నాను.

వల్లి చప్పట్లు కొట్టింది.