నెట్‌కు ద్రౌపది కాపలా

ఆ రోజు నీలం నగర్‌లో నెట్ పోకూడదని ద్రౌపది తీర్మానించింది. ద్రౌపది ఒకటి తీర్మానించాక గల్లీలో ఎదురు చెప్పేవాళ్లు ఉండరు. ఎదురు చెబితే ఏమవుతుందో కూడా ఎవరికీ తెలియదు, ఇంతవరకూ ఎవరూ చెప్పి చూడలేదు.

సంగతేమిటంటే, ఆమె కోడలు ఋతుజకు ఆ రోజు పరీక్ష. కాలేజీ పరీక్ష కాదు, కొలువు పరీక్ష. ఋతుజ ఇంట్లోనే కూర్చుని ఒక పుణె కంపెనీకి పనిచేస్తుంది. ఆ కంపెనీవాళ్లు ఇప్పుడు అందరినీ పుణె వచ్చెయ్యమంటున్నారు. తను రాసిన ఫైలు ఇక్కడ, నీలం నగర్‌లో, ఎలా పనిచేస్తుందో ఋతుజ తన పైమేడం శీతల్‌కు ఫోన్లో చూపించి మెప్పిస్తే ఇక్కడే ఉండిపోవచ్చు. లేకపోతే సోమవారానికల్లా పెట్టే బేడా సర్దుకోవాలి.

కోడలు పోవడం ద్రౌపదికి ససేమిరా ఇష్టం లేదు. కొడుకు ప్రథమేశ్ బంగారంలాంటివాడే. కాకపోతే దుప్పట్లు నేసే చద్దర్ల కార్ఖానా నుంచి వచ్చి, అన్నం తిని పడుకునేదాకా వాడి నోట్లోంచి నాలుగు మాటలు రాలవు. ఋతుజ రాకముందు ద్రౌపది గడపలో కూర్చుని బీడీలు చుడుతూ తనతో తనే పోట్లాడుకునేది. ఇప్పుడు పోట్లాటకు దీటైన మనిషి దొరికింది, ఆ మనిషి నవ్వుతుంది కూడా. అలాంటిదాన్ని చేతులారా ఎవరు వదులుకుంటారు?

ఆ ఫైలు ఏమిటో ద్రౌపది ఒకసారి అడిగి తెలుసుకుంది.

"లైబ్రరీ ఫైలు అంటరు అత్తమ్మా. అది తనంతల తాను ఏం జెయ్యది. వేరే ప్రోగ్రాములు వచ్చి దాన్ని అడుగుతయి, నెట్ ఉన్నదా లేదా అని. అది ఎప్పుడూ నిగా పెట్టి ఉండి సంగతి చెప్తది."

"అంటే మా బీడీ కార్ఖానాల చెకింగ్ చేసే ఆమె లెక్క. ఆమె ఒక్క బీడీ చుట్టది, కానీ అందరి బీడీలు ఆమె చెయ్యి దాటాలె."

"హా! ఏక్‌దమ్ బరాబర్!"

బరాబర్ అన్నాక ద్రౌపది మిగతాది తనే అర్థం చేసుకుంది. నెట్ ఉంటే పరీక్ష నెగ్గినట్టు, పోతే ఓడినట్టు. దానికి కళ్లారా చూసిన సాక్ష్యం కూడా ఉంది. నెల రోజులుగా నెట్ పోయినప్పుడల్లా ఋతుజ కుర్చీలోంచి ఎగిరి లేచి "పోయింది, పోయింది!" అని కేకలు పెడుతూ చేతులు చరుచుకుంటోంది. గడపలోంచి చూస్తున్న అత్తకు ప్రాణం ఉసూరుమనేది.

నెట్ ఎందుకు పోతుందో గల్లీలో చిన్నపిల్లలకు కూడా తెలుసు. ఇళ్లన్నిటికీ నెట్ పంచే డబ్బా కొమురయ్య కార్ఖానా గోడకు ఉంది. ఆ గోడ అవతల సాంచాలు, అదే కరెంటు మగ్గాలు, తువ్వాళ్లు నేస్తుంటాయి. అన్నీ ఒక్కసారి నడిస్తే గోడ వణుకుతుంది. గోడ వణికితే డబ్బా ప్లగ్గు ఊగుతుంది. అప్పుడు నెట్ పోతుంది, వస్తుంది, మళ్లీ పోతుంది. మారుస్తా మారుస్తా అంటూ కొంతం చౌక్‌లో ఉండే కేబుల్ శుభమ్ ఏడాదిగా కాలక్షేపం చేస్తున్నాడు.

ద్రౌపది పొద్దున్నే కొమురయ్య దగ్గరికి వెళ్లింది.

"కొమురన్నా, నా కోడలుకు పరీక్ష ఉన్నది. నేను చెప్పేదాక సాంచాలు బంద్ పెట్టు."

"ఏందమ్మా, మాల్ ఎప్పుడియ్యాలె నేను? పనోళ్లు ఊకె కూసుంటరా?"

"ఛాయ్ తాగి రమ్మను."

కొమురయ్య గొణిగాడు గానీ మీట కట్టేశాడు. ద్రౌపది అంతటితో ఊరుకోలేదు. బీడీలకు చుట్టే దారం రీలు తెచ్చి, ప్లగ్గునూ పక్కనున్న మేకునూ కలిపి, బీడీ కట్టకు కట్టినంత శ్రద్ధగా చుట్టి చుట్టి ముడేసింది. తర్వాత ఎదురింటి గంగమ్మను ఫోన్లో సీరియల్ చూడొద్దని హెచ్చరించింది. చివరికి తన మీదే ఒక ఆంక్ష పెట్టుకుంది. రోజూ కాసేపటికోసారి లోపలికి వినబడేలా "ఋతుజా, ఛాయ్ తాగుతవా?" అని అరవడం ఆమెకు అలవాటు. ఈ రోజు నోరు విప్పకూడదు. అన్నిటిలోకీ ఇదే కష్టమైంది.

గడపలో బాసింపట్టు వేసుకుని, ఒళ్లో చాట పెట్టుకుని, తునికాకు కత్తిరించుకుంటూ కాపలా కూర్చుంది. గల్లీ నిశ్శబ్దంగా ఉంది. పెళ్లయి వచ్చినప్పటి నుంచీ ఆమె ఇంత నిశ్శబ్దం వినలేదు. కాస్త భయం కూడా వేసింది.

లోపల ఋతుజ ఫోన్‌ను ల్యాప్‌టాప్‌కు ఎదురుగా నిలబెట్టి మేడంకు చూపిస్తోంది. ఫోన్‌కు దాని సొంత నెట్ ఉంది. ల్యాప్‌టాప్ మాత్రం గల్లీ నెట్ మీద నడుస్తోంది. శీతల్ మేడం మరాఠీ ద్రౌపదికి స్పష్టంగా వినబడుతోంది; మరాఠీ ఊళ్లో ఇన్నేళ్లున్న మనిషి, అర్థమవుతోంది కూడా.

"నెట్ చాలా బాగుందే మీ దగ్గర!"

ద్రౌపదికి మీసం లేదు గానీ, ఉంటే మెలేసేది.

"ఒక్క నిమిషం మేడం, ఇప్పుడు పోతుంది చూడండి," అంది ఋతుజ.

పోదు బిడ్డా, నేనున్నా, అనుకుంది ద్రౌపది. కొంతసేపు గడిచింది. ఋతుజ గొంతు సన్నబడింది.

"రోజూ పోతుంది మేడం. వైరు పీకి చూపించనా?"

"పీకి చూడటం మేమిక్కడే చేశాం కదా ఋతుజా. పోయీ పోనట్టు పోయే నెట్ మీ గల్లీలోనే ఉంది, నీ ఫైలుకు అక్కడే అసలు పరీక్ష అన్నావు. ఇంత మంచి నెట్ మా ఆఫీసులో కూడా ఉంది. మరి నువ్వు అక్కడెందుకు? నాకు ఇంకో మీటింగ్ ఉంది, అందాకా చూస్తా. లేదంటే సోమవారం వచ్చెయ్."

ద్రౌపది వేళ్ల మధ్య బీడీ సగం చుట్టి ఆగిపోయింది. తను విన్నది తనకే నమ్మబుద్ధి కాలేదు.

ఋతుజ గడపలోకి వచ్చి నిలబడింది. కళ్లలో నీళ్లు తిరుగుతున్నాయి. చెవి రిక్కించి వింది.

"అత్తమ్మా, సాంచాలు ఎందుకు నడుస్తలేవు?"

"నేనే... బంద్ పెట్టిచ్చిన."

"అయ్యో అత్తమ్మా! నెట్ పోవాలె! పోతెనే నా ఫైలు పని కనవడేది! వైఫై గుర్తు నిండుగ ఉంటది, దాని ఎనక నెట్ ఉండది. వేరే ఫైళ్లు గుర్తు చూసి ఉన్నది అని ఝూట్ చెప్తయి. నాది దూరం దాక పిలిచి, జవాబు వస్తెనే ఉన్నది అంటది."

"మరి నెట్ పోయినప్పుడల్లా నెత్తి నోరు కొట్టుకుంటివి గద?"

"చప్పట్లు కొట్టిన అత్తమ్మా! ఫైలు పట్టుకున్నదని చప్పట్లు కొట్టిన!"

ద్రౌపది లేచింది. ఒళ్లో చాట ఉన్న సంగతి లేచాక గుర్తొచ్చింది. ఆకు, తంబాకు, చుట్టిన బీడీలు గడపంతా పరుచుకున్నాయి. బీడీ కింద పడితే కళ్లకద్దుకుని తీసే మనిషి, ఇప్పుడు వాటి మీంచే దాటుకుంటూ కొమురయ్య కార్ఖానాకు పరుగెత్తింది.

"కొమురన్నా! చాలూ చెయ్! సాంచాలు చాలూ చెయ్, జల్ది, లవ్‌కర్!"

కొమురయ్య బీడీ కాలుస్తూ స్టూలు మీద కూర్చున్నాడు. "గిప్పుడే గదమ్మా బంద్ పెట్టుమంటివి? పనోళ్లు ఛాయ్ తాగ పోయిండ్రు. నువ్వే పంపిచ్చినవ్!"

"నీకు చేతుల్లేవా? నాకు లేవా?"

కొంగు బిగించి ఒక సాంచా దగ్గరికి వెళ్లింది. మొగుడు బతికున్న రోజుల్లో పక్కన నిలబడి నడిపిన చెయ్యే అది, మీట ఎక్కడుందో మర్చిపోలేదు. ఆమె ఒకవైపు నుంచి, కొమురయ్య ఒకవైపు నుంచి ఒక్కొక్కటే మొదలుపెట్టారు. ఖట్ ఖట్ మని కార్ఖానా నిండిపోయింది. గోడ వణికింది. రేకులు వణికాయి. గోడకున్న పాత క్యాలెండరు రాలి కింద పడింది.

ద్రౌపది బయటికి వచ్చి చూస్తే నెట్ మాత్రం పోలేదు. డబ్బా మీద పచ్చదీపం నిక్షేపంలా వెలుగుతోంది. ఋతుజ కిటికీలోంచి రెండు చేతులూ అడ్డంగా ఊపింది.

ద్రౌపది పైకి చూసి నాలిక్కరుచుకుంది. ప్లగ్గు మేకుకు అతుక్కుపోయి ఉంది. గల్లీలో ఎవరి ముడి జారినా ద్రౌపది ముడి జారదని కార్ఖానాలో చెకింగ్ ఆమె కూడా ఒప్పుకుంటుంది. ఆ పేరు సంపాదించుకున్నందుకు ద్రౌపది మొదటిసారి తనను తానే తిట్టుకుంది. అదృష్టం బాగుండి ఆకు కత్తిరించే కత్తెర ఇంకా బొడ్లో దోపుకునే ఉంది. కొమురయ్య తెచ్చి వేసిన స్టూలెక్కి, దారాన్ని పేట పేటా కత్తిరించి పారేసింది. ప్లగ్గును మాత్రం ముట్టుకోలేదు.

ప్లగ్గు ఒకసారి ఊగింది. పచ్చదీపం ఆరింది. వెలిగింది. మళ్లీ ఆరింది.

"పోయింది! పోయింది!"

ఇంట్లోంచి ఋతుజ కేక సాంచాల చప్పుడును కూడా దాటి వచ్చింది, దాంతో పాటు చప్పట్లు. ఈసారి అవి చప్పట్లేనని ద్రౌపదికి బాగా తెలిసింది. స్టూలు మీద నిలబడే తనూ చప్పట్లు కొట్టింది. ఏమీ అర్థం కాకపోయినా కొమురయ్య కూడా కొట్టాడు.

ఆమె ఇంటికి చేరేసరికి ఫోన్లో శీతల్ మేడం నవ్వుతోంది. ల్యాప్‌టాప్ మూలన వైఫై గుర్తు నిండుగా ఉంది, దాని పక్కనే ఋతుజ ఫైలు 'నెట్ లేదు, ఆగండి' అని చెబుతోంది. నెట్ వస్తే ఫైలు వచ్చిందంది. పోతే పోయిందంది. ఒక్కసారి కూడా తప్పు చెప్పలేదు.

"నువ్వు అక్కడే ఉండు తల్లీ," అంది మేడం. "ఇలాంటి నెట్ మేం లక్షలు పోసినా తయారు చెయ్యలేం. నీ పని అయ్యేదాకా ఆ ప్లగ్గును ఎవరినీ బాగుచెయ్యనివ్వకు."

ఫోన్ పెట్టేశాక ఋతుజ గడపలో కూర్చుని చెల్లాచెదురైన బీడీలు ఏరడం మొదలుపెట్టింది. ద్రౌపది ఎదురుగా చతికిలబడింది. కాసేపు ఇద్దరికీ నవ్వే సరిపోయింది.

తర్వాత ఋతుజ తల ఎత్తకుండానే అంది, "పొద్దుటి సంది తలుపు దిక్కే చూసిన అత్తమ్మా. ఛాయ్ తాగుతవా అని నువ్వు ఒక్కసారి గూడ అడుగలే. గుస్సా అయినవనుకున్న. పోతె పోనీ పుణెకు అనుకుంటున్నవేమో అని... ఫైలు మీద మనసే పట్టలే."

నోరు మూసుకుని తను చేసిన మేలు ఇదన్నమాట.

"పిచ్చిదానా! నువ్వు పోతె నేను ఎవలతోని కొట్లాడాలె? నిన్ను పంపుడు నాతోని కాదు. నువ్వు లేకుంటె నాకు ఈ ఇల్లు వద్దు," అంది. వెంటనే లేచి పొయ్యి వెలిగించింది.

"ఛాయ్ తాగుతవా?"

"తాగుత."

ఋతుజ కప్పు తీసుకుని పనిలోకి వెళ్లిపోయింది. అవతల కొమురయ్య సాంచాలన్నీ గోల పెడుతున్నాయి, నెట్ వస్తూ పోతూ ఉంది. ద్రౌపది చాట ఒళ్లో పెట్టుకుని ఒక ఆకు తీసుకుంది, చుట్టింది, దారం కట్టింది. ఇక ఉండబట్టలేదు.

"ఋతుజా, ఇంకింత ఛాయ్ పొయ్యాల్నా?" అని అరిచింది.

"పొయ్యి అత్తమ్మా!"

మొదటి కప్పు ఇంకా సగం కూడా అవలేదని ఇద్దరికీ తెలుసు.