వద్దనే గొంతు

కాలేజీలో మా ఆయనకు దయ్యం మాస్టారని పేరు. ఆయన చెప్పేది గ్రీకు తత్వశాస్త్రం. దయ్యాలన్నా, మహిమలన్నా, కలలో కనపడ్డ సంకేతాలన్నా ఆయనకు ఒళ్లు మండుతుంది. అయినా పేరు మాత్రం అదే నిలిచింది.

తప్పు ప్రెస్సువాళ్లది. ఒక ఏడాది పరీక్ష పేపర్లో ఈయన ‘సోక్రటీసును వారించిన దైవం గురించి రాయండి’ అని ఇస్తే, అచ్చులో ‘సోక్రటీసును వారించిన దయ్యం’ అని వచ్చింది. పిల్లలు పండగ చేసుకున్నారు. ఒకడైతే దానికి కోరలు పెట్టి బొమ్మ కూడా వేశాడు. ఆయన విసుక్కుంటారనుకున్నాను గానీ, జవాబు పత్రాలు దిద్దుతూ ముసిముసిగా నవ్వారు.

“దైవం అన్న మాటే నలిగి నలిగి దయ్యమైంది, తెలుసా?” అన్నారు. “సోక్రటీసు చెవిలో వద్దు, వద్దు అనేదే, గ్రీకువాళ్ల దైమోన్, అది అటు దేవుడూ కాదు, ఇటు దయ్యమూ కాదు. మధ్యలోది. దానికి మన దగ్గర మాట లేదు.”

మాట లేని ఆ వస్తువు మా ఇంట్లోనే కాపురముంటోందని నాకప్పుడు తెలియదు.

మొన్న వానాకాలంలో ఆయన పాఠం మధ్యలో మాట ఆగిపోయి బల్ల పక్కన కుప్పకూలారు. ఆస్పత్రిలో తల ఫొటోలు తీశారు. డాక్టరు వాటిని లైటు ముందు పెట్టి చూస్తూ, “చెవిలో ఎప్పుడైనా ఏవైనా శబ్దాలు వినిపిస్తాయా సార్?” అని మామూలుగా అడిగాడు.

ఆయన నా వైపు చూశారు. పరాయి జేబులో చెయ్యి పెట్టి దొరికిపోయినవాడి ముఖం పెట్టారు.

“ఒక గొంతు. చిన్నప్పట్నుంచీ ఉంది. ‘వద్దు’ అంటుంది. అంతకు మించి ఏమీ అనదు.”

నాకు ముందు భయం వెయ్యలేదు, కోపం వచ్చింది. ఇన్నేళ్ల కాపురంలో ఆయన పంటి నొప్పి దగ్గర్నుంచి అన్నీ నాకు తెలుసనుకున్నాను.

నేను కళ్లద్దాల షాపులో పని చేస్తాను. కుర్చీలో కూర్చున్నవాళ్ల కంటి ముందు అద్దాలు మారుస్తూ “ఇది బాగుందా, ఇందాకటిది బాగుందా?” అని అడగడం నా పని. వాళ్లకేం కనిపిస్తోందో నాకు కనిపించదు. చెప్పింది నమ్మాలి. ఆ రోజు డాక్టరు గదిలో కూడా అంతే చేశాను.

మెదడులో చిన్న గడ్డ ఉందన్నాడు డాక్టరు. వదిలేస్తే మూర్ఛలు పెరుగుతాయి, మెల్లగా మాట పడిపోతుంది. తీసేస్తే గొంతు పోవచ్చు. మెదడుతో వ్యవహారం కాబట్టి మనిషి లేవకపోవడం కూడా అప్పుడప్పుడూ జరుగుతుందట. ఆ చివరి మాట అతను గొంతు తగ్గించి చెప్పాడు.

ఇంటికొచ్చి ఉల్లిపాయలు తరుగుతూ నిలదీశాను. “నాతో ఎందుకు చెప్పలేదు?”

“క్లాసులో హేతువు, హేతువు అని నోరు నొప్పెట్టేలా అరుస్తాను. ఇంటికొచ్చి నాకో గొంతు వినిపిస్తుందే అని ఏ ముఖం పెట్టుకుని చెప్పను?”

“దేనికి వద్దంటుంది?”

“ఒకసారి రైలెక్కబోతుంటే వద్దంది. మానేశాను.”

“ఆ రైలుకేమైనా అయిందా?”

“ఏమీ కాలేదు. టైముకే చేరింది.” ఆయనకే నవ్వొచ్చింది. “ఇది చెయ్యి అని మాత్రం ఎప్పుడూ చెప్పదు. కాదనుకుంటే వద్దంటుంది, లేకపోతే ఊరుకుంటుంది. ఊరుకుంటే మంచిదేనని నా లెక్క.”

అడగకూడదనుకుంటూనే అడిగేశాను. “నన్ను చూడ్డానికొచ్చినప్పుడు?”

“ఊరుకుంది.”

ఇంత పొడుగు జీవితంలో ఆయన నన్ను మెచ్చుకున్నది ఆ ఒక్క మాటలోనే. కొళాయి తిప్పి, అవసరానికి మించి చేతులు కడుక్కున్నాను. ఉల్లిపాయలు ఉండటం నయమైంది.

సంగతి తెలిసి వదిన పరిగెత్తుకొచ్చింది. ఆయన అక్కగారు, దేవుడి పేరెత్తకుండా మంచినీళ్లు కూడా తాగని మనిషి.

“అది దేవుడి మాటరా తమ్ముడూ! కత్తి పెట్టి కోయించుకుంటావా?”

“దేవుడైతే రైలు క్షేమంగా చేరుతుందని తెలియదా అక్కా?”

“నువ్వెక్కి ఉంటే పడిపోయేదేమో! నీకేం తెలుసు?”

డాక్టరుకు అది ఒట్టి గడ్డ, వదినకు అది ఒట్టి దేవుడు. ఇద్దరికీ రాత్రిళ్లు హాయిగా నిద్ర పడుతుంది. నాకే పట్టేది కాదు. ఆపరేషన్ చేయించకపోతే ఆయన మాట పోతుంది, చేయిస్తే అసలు ఆయనే పోవచ్చు. నాకు కావలసింది మనిషి, ఆ గొంతు ఎవరిదైతే నాకేం?

ఆస్పత్రిలో సంతకం పెట్టమని కాగితం ఇచ్చారు. ఆయన పెన్ను తెరిచి, పట్టుకుని, అలాగే ఆగారు. పక్క గదిలో ఫోను మోగేటప్పుడు మనదేనా అని తల వంచి వింటామే, అలా విన్నారు. తర్వాత సంతకం పెట్టేశారు.

“ఏమంది?” అన్నాను.

“ఏమీ అనలేదు.” ముఖం వెలిగిపోతోంది. “తీసేసేది దాన్నే కదా. అయినా అడ్డు రాలేదు చూడు. తన కోసం కూడా వద్దనలేదు.” స్ట్రెచర్ మీద పడుకుని కూడా పాఠం మానలేదు. “కోర్టుకు బయల్దేరిన రోజు సోక్రటీసుకు వినిపించే గొంతు కూడా ఇలాగే ఊరుకుంది. అయితే నాకు జరగబోయేది చెడు కాదు అని తేల్చుకున్నాడాయన.”

“తర్వాత ఆయనకు విషం ఇచ్చారు కదండీ.”

ఆయన పెద్దగా నవ్వారు. నర్సు స్ట్రెచర్ తోసుకుపోయింది. నేను ఏ దేవుణ్ణీ ఏమీ అడిగి ఎరగను. ఆ వరండా బెంచీ మీద కూర్చుని మాత్రం, దైవానివో దయ్యానివో, ఆయన పోబోతుంటే ఒక్కసారి గట్టిగా ‘వద్దు’ అను అని బతిమాలుకున్నాను. అది నా మాట ఎందుకు వింటుంది?

ఆయన బతికారు. గొంతు పోయింది.

అసలు తిప్పలు ఇంటికొచ్చాక మొదలయ్యాయి. చొక్కా చేతిలో పట్టుకుని బీరువా ముందు నిలబడిపోయేవారు. వీధి చివర రోడ్డు దాటబోయి వెనక్కొచ్చేసేవారు. ఏమిటని అడిగితే ఒక సాయంత్రం చెప్పారు.

“ఇదివరకు ఊరుకుంటే సరేనని అర్థం. ఇప్పుడు అన్నిటికీ ఊరుకుంటోంది. టీలో పంచదార వేసుకోవడానికీ, మేడ మీంచి దూకడానికీ ఒకటే ఊరుకోవడం. ఏది సరేనో నాకెలా తెలుస్తుంది?”

తర్కం ఉందిగా అందామనుకున్నాను. ఆయన కళ్లు చూసి, టీ కలిపి పంచదార నేనే వేసిచ్చాను.

కాలేజీవాళ్లు ఎన్నిసార్లు పిలిచినా ఇప్పుడు కాదనేవారు. ఇలాగే వదిలేస్తే మనిషి ఆ బీరువా ముందే ముసలివాడైపోతారని, ఒక సోమవారం షాపుకు సెలవు పెట్టి నేనే తీసుకెళ్లాను. క్లాసు గుమ్మం దాకా బాగానే నడిచారు. లోపల బోర్డు మీద ఎవడో ‘దయ్యం మాస్టారికి స్వాగతం’ అని రంగుల చాక్‌పీసులతో రాశాడు. పిల్లలందరూ లేచి నిలబడ్డారు. ఈయన కాలు గుమ్మం దగ్గరే ఆగిపోయింది.

నా వైపు తిరిగి, “వెళ్లనా?” అన్నారు.

ఆయన కుప్పకూలింది ఆ బల్ల పక్కనే. ఎక్కువసేపు మాట్లాడించొద్దని డాక్టరు మరీ మరీ చెప్పాడు. వద్దు అన్న మాట నా నాలుక చివరి దాకా వచ్చేసింది.

ఆయన తల కొంచెం వంచి ఉన్నారు. ఆస్పత్రిలో సంతకానికి ముందు వంచినట్టే.

నేను ఊరుకున్నాను.

కాసేపు అలాగే విన్నారు. తర్వాత “సరే” అని లోపలికి వెళ్లారు.