పక్కన కూర్చునేవాడు

ఎడమ బూటుకి లేసు కట్టడం పూర్తికాకముందే ఎమిల్ క్రూగర్ లేచి నిలబడబోయాడు. ఆయా వసుమతి ఆయన మోకాలు పట్టుకుని మళ్ళీ మంచం మీద కూర్చోబెట్టింది. తొంభైకి దగ్గరపడ్డా మనిషికి కాలు ఒకచోట నిలవదు. మెడ ముడతలు పడింది, బీరు ఫ్యాక్టరీలో సీసాలు కడిగి కడిగి వేళ్ళు వంకర్లు పోయాయి. అయినా తెల్లారేసరికి గడ్డం గీసుకుని ఎక్కడికో బయల్దేరేవాడిలా తయారవుతాడు. 1979 జనవరి మంచు కిటికీ సగందాకా పేరుకుంది. అమెరికాలో మిల్వాకీ నగరంలోని ఆ వృద్ధుల హోమ్ దాటి ఆయన వెళ్ళాల్సిన చోటేదీ లేదు.

ఒకప్పుడు ఉండేవి. బీరు కార్మికులకు సంఘం కట్టి జైలుకెళ్ళాడు. సోషలిస్టు పార్టీ తరఫున ఒక్కసారి నగర కౌన్సిల్‌కి గెలిచాడు, తర్వాత నిలబడ్డ ప్రతిసారీ ఓడిపోయాడు. పార్టీ చిక్కిపోయింది, భార్య పోయింది, ఫ్యాక్టరీ మూతపడింది. ఇప్పుడు ఆయన పోరాటమంతా పొద్దుటి రెండో కప్పు కాఫీ కోసం. అది సాధించాడు కూడా.

ఇవాళ్టి ఆరాటం మాత్రం వసుమతి గురించి. ఒక్కో ఆయా ఇద్దరి పని చేయాల్సొస్తోందని ఆమె నలుగురిలో నోరు జారింది. మధ్యాహ్నం ఆఫీసుకి రమ్మని మేనేజర్ కబురుపెట్టాడు. కిందటి నెల ఇదే మాట చెప్పడానికి ఒంటరిగా వెళ్ళిన అమ్మాయి ఉద్యోగం పోగొట్టుకుని బయటికొచ్చింది. వసుమతి భర్త దామోదర్‌కి ఇంకా పని దొరకలేదు. సారీ చెప్పేసి బయటపడదామనే ఆమె ఉద్దేశం.

"ఒక్కదానివే వెళ్ళకు," అన్నాడు ఎమిల్. "సంఘం రోజుల్లో యజమాని దగ్గరికి మేం ఎప్పుడూ ఇద్దరం వెళ్ళేవాళ్ళం. ఒకడు మాట్లాడతాడు. రెండోవాడు ఊరికే పక్కన కూర్చుంటాడు. నేను ఎక్కువగా రెండోవాణ్ణే."

పడుకోమని ఆమె బతిమాలింది. వింటేగా. భోజనం దగ్గర సూపు ముట్టలేదు. వాకర్ టకటకలాడిస్తూ కారిడార్లో తిరుగుతూనే ఉన్నాడు. ఆ చప్పుడుకి వసుమతికి విసుగూ వచ్చింది, కాస్త ధైర్యమూ వచ్చింది.

మేనేజర్ ఆయన్ని లోపలికి రానివ్వలేదు. విచిత్రంగా ఆయన వాదించలేదు. గుమ్మానికి ఎదురుగా ఉన్న కుర్చీలో కూర్చుని, తలుపు తెరిచే ఉంచమని వసుమతికి చెప్పాడు.

మేనేజర్ మర్యాదగానే మొదలుపెట్టాడు. కష్టంగా ఉంటే మానేయొచ్చన్నాడు. సారీ అనే మాట ఆమె నాలుక చివరిదాకా వచ్చింది. తల తిప్పి చూసింది. ఎమిల్ రెప్ప వేయకుండా ఇటే చూస్తున్నాడు. ఆమె మేనేజర్ వైపు తిరిగింది.

"మానేయను సార్. ఇంకో మనిషిని వేయండి. వేసేదాకా రోజూ వచ్చి ఇదే అడుగుతాను."

మేనేజర్ ఆమెను చూశాడు, గుమ్మం బయటికి చూశాడు. సోమవారం నుంచి ఒకరిని వేస్తానన్నాడు.

వసుమతి దాదాపు పరుగెత్తుతూ బయటికొచ్చి, సంగతి చెబుతూనే ఆయన ముందు మోకాళ్ళ మీద కూర్చుంది. ఆయన చూపు ఆమెను దాటి తలుపు మీదే ఉండిపోయింది. మణికట్టు పట్టుకుంది. నాడి లేదు. తను నోరు తెరవకముందే పోయాడో, విన్నాక పోయాడో ఆమెకు తెలియలేదు. కన్నతండ్రి పోయినట్టు ఏడ్చింది.

పక్క కుర్చీ మీద, బస్సులో సీటుకి రుమాలు వేసినట్టు, ఆమె కోసం పెట్టి ఉంచిన ఆయన ఉన్ని టోపీ ఉంది.