శుభ్రమైన సముద్రం

ఆ సముద్ర పరిశోధనశాలలో ఆవిణ్ణి అందరూ చుక్కలక్క అనేవారు. రోజూ పొద్దున్నే మరిది నడిపే పడవలో వెళ్ళి, ఎండ తగిలే పై నీళ్ళలో సన్నటి వల ఈడ్చి, అందులో పడ్డ కంటికానని మొక్కల్నీ పురుగుల్నీ సీసాలకెత్తేది. తర్వాత ఒక్కో చుక్కా మైక్రోస్కోపు కింద పెట్టి, ఏ జీవులు ఎన్ని ఉన్నాయో లెక్కపెట్టేది. ఇరవై రెండేళ్ళుగా అదే పని.

కొత్త డైరెక్టరుగారు అంతకుముందు రోడ్ల శాఖలో ఉండేవారు. కాబట్టి సముద్రం గురించి ఆయనకు తెలియనిదంటూ లేదు. పై ఆఫీసరు తనిఖీకి వస్తున్నారనగానే ఆ సీసాల అలమర తెరిచి ముక్కు మూసుకున్నారు.

“ఏంటమ్మా ఈ పాచి నీళ్ళు? పెద్దాయన చూస్తే మన పరువేం కావాలి?”

“ఆ పాచే సార్ మన పని. మూడు నెలల నమూనాలవి.”

“సరే సరే, నేను చూసుకుంటాను.”

చూసుకున్నారు. మర్నాడు ఆవిడ వచ్చేసరికి సీసాలన్నీ సబ్బుతో తోమించి, ఫిల్టరు నీళ్ళు నింపించారు. మూడు నెలల సముద్రం సింకులోంచి మురిక్కాలవకి చేరింది.

ఆ రోజే ఆఫీసరు వచ్చి, తివాచీ పరిచిన హాల్లో, ఆ సీసాలోని చుక్క పెట్టిన మైక్రోస్కోపుకి కన్ను ఆనించారు. “ఏమీ కనబడదేం?”

“అంత శుభ్రంగా ఉంచాం సార్!” అన్నారు డైరెక్టరుగారు, ఛాతీ విరిచి.

చుక్కలక్కకి ఒళ్ళు మండింది. బకెట్టూ తాడూ పట్టుకుని రేవు మెట్ల దగ్గరికి పరుగెత్తింది. పై నీళ్ళు తోడి తెచ్చి, వలలో వడకట్టి, అందులో నిలిచిన దాన్ని ఓ చుక్క గాజు పలక మీద వేసి మైక్రోస్కోపు కింద పెట్టింది.

“అమ్మో, కదులుతోంది!” ఆఫీసరు వెనక్కి గెంతారు. మళ్ళీ వంగారు. “దీనికి మీసాలున్నాయే! పక్కన ఈ పచ్చ గొలుసేంటి?”

“మొక్క సార్. ఎండ తిని బతుకుతుంది. దాన్ని ఆ మీసాలది తింటుంది, మీసాలదాన్ని చిన్న చేప, చిన్న చేపని పెద్ద చేప.”

“పెద్ద చేపని నేను,” అన్నారాయన, పొద్దున్నుంచీ మొదటిసారి నవ్వి. అరగంట దాకా అక్కణ్ణించి లేవలేదు. స్వాగతోపన్యాసం డైరెక్టరుగారి జేబులోనే నలిగిపోయింది.

వారం తిరక్కుండా రెండు కాగితాలొచ్చాయి. సముద్ర జీవుల్ని కంటికి రెప్పలా కాపాడుతున్నందుకు డైరెక్టరుగారికి ప్రశంసాపత్రం. తడి బకెట్టుతో హాల్లోకొచ్చి తివాచీ పాడుచేసినందుకు చుక్కలక్కకు మెమో.

“ఏం జవాబు రాశావు వదినా?” పడవలో మరిది అడిగాడు.

“ఇకమీదట సముద్రాన్ని ఆరబెట్టి తెస్తానని రాశాను.”

“మరి డైరెక్టరేమన్నాడు?”

“ఏమంటాడు? చదివి, ‘సరే’ అని సంతకం పెట్టాడు,” అంటూ ఆవిడ వల నీళ్ళలోకి వదిలింది.