బొట్టు పెట్టి తాళం వేశారు

నేను ఒక సక్షన్ యంత్రాన్ని. పేరు వినగానే ముఖం చిట్లించకండి. ఓ చిన్న మోటారు, రెండు గాజు సీసాలు, ఒక రబ్బరు గొట్టం, గాలి ఎంత లాగుతున్నానో చూపించే గుండ్రటి మీటరు, అంతే నేను. వద్దనుకున్న గర్భాన్నీ, తల్లి ప్రాణం మీదికి తెచ్చే గర్భాన్నీ, సగంలో చెడిపోయి లోపల మిగిలిపోయినదాన్నీ తీయడానికి నన్ను చేశారు. ఈ మాట చెప్పుకోవడానికి నాకేం సిగ్గు లేదు. సిగ్గుపడాల్సిన వాళ్లు వేరే ఉన్నారు. వాళ్ల సంగతి చెప్పకపోతే నా కడుపుమంట చల్లారదు.

ఉత్తరాదిన ఏదో ఊళ్లో, రేకుల షెడ్డులో నన్ను బిగించారు. లారీలో ఊగుతూ ఊగుతూ శ్రీకాకుళం జిల్లాలో సముద్రం ఒడ్డున ఉన్న ఓ సర్కారు ఆసుపత్రికి వచ్చి పడ్డాను. కిటికీ తీస్తే ఉప్పుగాలి, ఎండుచేపల వాసన. నాకు నచ్చింది. పైగా మొదట నన్ను చేతిలోకి తీసుకున్న డాక్టరమ్మ మంచి మనిషి, పేరు సువర్ణకుమారి. ఆవిడ ఉన్నన్నాళ్లూ నాకు తీరిక లేదు. ఆడవాళ్లు పొద్దున వచ్చేవాళ్లు, కాసేపు పడుకునేవాళ్లు, టీ తాగి మధ్యాహ్నం బస్సుకి ఇంటికి పోయేవాళ్లు. ఒకావిడైతే వెళ్తూ వెళ్తూ నా సీసా మీద చెయ్యేసి నిమిరింది. అంతకంటే ఎవరేం ఇవ్వాలి నాకు?

డాక్టరమ్మకి బదిలీ అయింది. ఆ కుర్చీలోకి చక్రధరరావు గారు వచ్చారు. ఆయన్ని చెడ్డవాడనడానికి నాకు నోరు రాదు. జ్వరాలకి మందిస్తారు, కుక్క కరిస్తే సూది వేస్తారు, ముసలివాళ్లని విసుక్కోరు. కానీ ఆయనకి ఒక భయం ఉంది. ఇంతకు ముందు పనిచేసిన ఊళ్లో ఎవరో ఆడమనిషికి గర్భం తీస్తే, ఆమె మొగుడు నలుగుర్ని వెంటేసుకొచ్చి ఆసుపత్రి అద్దాలు పగలగొట్టి ఈయన చొక్కా పట్టుకున్నాడట. ఆనాటి నుంచి ఈయన ఒక నియమం పెట్టుకున్నారు. మొగుడు స్వయంగా వచ్చి సంతకం పెడితేనే నన్ను బయటికి తీస్తారు.

దేశంలో చట్టం అలా లేదు. పద్దెనిమిదేళ్లు నిండిన ఆడదాని ఒప్పుకోలు చాలు, మొగుడి సంతకం ఎక్కడా అడగక్కర్లేదు. ఈ సంగతి డాక్టరు గారికి తెలియదనుకుంటున్నారా? బాగా తెలుసు. ఓసారి నర్సు ప్రమీలతో నా ఎదురుగానే అన్నారు.

"చట్టం ప్రకారం అక్కర్లేదు సిస్టర్, నాకు తెలుసు. రేపు వాడొచ్చి నా చొక్కా పట్టుకుంటే చట్టం వచ్చి విడిపిస్తుందా?"

చూశారా. ఢిల్లీలో కూర్చుని పెద్దలు చేసిన చట్టం ఒకటి, మా ఆసుపత్రిలో నడిచే చట్టం ఒకటి. ఈ రెండోదాన్ని ఎవరూ రాయలేదు, ఓ మనిషి చొక్కా నలిగినందుకు పుట్టింది. దానికోసం నన్ను ఇనప బీరువాలో పెట్టి తాళం వేశారు. బీరువా డాక్టరు గారి గదికి ఆనుకునే ఉంది, మధ్యలో చెక్క తడిక. చూడ్డానికేం లేదు గానీ, వినడానికి అన్నీ వినపడతాయి.

ఏడాదికోసారి మాత్రం తలుపు తీసేవాళ్లు, దసరాకి. ఆయుధపూజ కదా. జీపు చక్రాల కింద నిమ్మకాయలు, సూదులు మరగబెట్టే పెట్టెకి బంతిపూల దండ. ప్రమీల నన్ను తుడిచి, మీటరు మీద పసుపు రాసి, కుంకుమ బొట్టు పెట్టి, దణ్ణం పెట్టుకునేది. డాక్టరు గారు కొబ్బరికాయ కొట్టేవారు. పనిముట్టంటే లక్ష్మి అనేవారు. పూజ అవగానే లక్ష్మిని లోపల పెట్టి మళ్లీ తాళం వేసేవారు.

అలాంటి రోజుల్లోనే ఓ ఎండపూట తడిక అవతల గురమ్మ గొంతు విన్నాను. రొయ్యలు ఒలిచే షెడ్డులో పనిచేసే మనిషి. తోడు ఆమె అత్త ఎర్రమ్మ వచ్చింది. కోడలికి రెండో నెల. ఇద్దరు పిల్లలున్నారు, ఇద్దర్నీ కడుపు కోసే తీశారు. రెండో కాన్పులో రక్తపోటు ఎక్కిపోయి ఫిట్స్ వచ్చాయి. ఇంకో కాన్పు వస్తే మనిషి దక్కదని జిల్లా ఆసుపత్రిలో గట్టిగా చెప్పారట. పిల్లలు పుట్టకుండా ఆపరేషన్ కూడా, ఒంటికి నెమ్మదించాక చేస్తామని పంపేశారు. ఆ నెమ్మది వచ్చేలోపే ఇది వచ్చిపడింది.

"తీసేయండి బాబూ. ఈ ఇద్దరు పిల్లలకీ నేనుండాల," అంది గురమ్మ. ఏడవలేదు. రొయ్యలు ఒలిచినంత శుభ్రంగా చెప్పింది మాట.

"మీ ఆయన్ని తీసుకురామ్మా. సంతకం కావాలి."

"ఆడు గుజరాత్ బోట్లో ఉన్నాడు బాబూ. ఏటకి సముద్రం మీదకి ఎల్లిపోనాడు. ఎప్పుడొస్తాడో మాకే తెల్దు," అంది ఎర్రమ్మ. "ఆడ్ని కన్నదాన్ని నేను. నా ఏలిముద్ర ఏయించుకోండి."

"నీది చెల్లదమ్మా. మొగుడిదే కావాలి."

కన్నతల్లిది చెల్లదు. మోస్తున్న మనిషిది అసలే చెల్లదు. ఎక్కడో అరేబియా సముద్రంలో వల లాగుతున్న వాడిది మాత్రం చెల్లుతుంది. నాకు మోటారుంది గానీ నోరు లేదు. ఉంటే బీరువా బద్దలయ్యేలా అరిచేదాన్ని.

వాళ్లు మళ్లీ వచ్చారు, మళ్లీ వచ్చారు. జిల్లా ఆసుపత్రికి పోవచ్చు కదా అంటారా, అక్కడికీ వెళ్లారు పాపం. మీ ఊళ్లో డాక్టరుండగా ఇంత దూరం ఎందుకొచ్చావని తిప్పి పంపారు. షెడ్డు మేస్త్రి, ఇంకోరోజు మానేస్తే పనికి రావద్దన్నాడట. రోజులు పోతున్నాయి. మూడో నెల పడింది. ఒకరోజు గురమ్మ ఆయాసపడుతూ వచ్చింది. బోటు ఒడ్డుకి చేరిందట, మొగుడు రాజులు ఫోన్లో దొరికాడు. ఫోన్ తీసుకెళ్లి డాక్టరు గారి బల్ల మీద పెట్టింది. రాజులు గొంతు తడిక దాటి నాదాకా వినిపించింది.

"తీసీండి బాబూ. అది బతికుంటే సాలు నాకు. సీజను మజ్జిలో ఓనరు ఒగ్గడు, నేను రాలేను. మీ కాళ్లు పట్టుకుంతాను."

ఇంకేం కావాలి అనుకున్నాను. బీరువా తలుపు తెరుచుకుంటుందని ఎదురుచూశాను.

"ఫోన్లో ఎవడైనా మాట్లాడొచ్చు," అన్నారు డాక్టరు గారు. "మనిషి రావాలి."

ఎర్రమ్మ ఏదో అనబోయింది. గురమ్మ ఆపింది. "పద అత్తా," అంది. అంతే, చెప్పుల చప్పుడు దూరమైపోయింది.

ఆ తర్వాత ఆమె ఏం చేసిందో మీరు ఊహించగలరు. బజారులో మందుల కొట్టువాడు ఏవో మాత్రలు చేతిలో పోశాడు. ఎన్ని వేసుకోవాలో, ఎన్నో నెల వరకు వేసుకోవచ్చో వాడికీ తెలియదు. తెలిసినా ఎందుకు చెబుతాడు? మూడో నెల నిండిపోయిన మనిషి అవి మింగింది.

ఆటోలో తెచ్చారు. మధ్యాహ్నం, ఓపీ నిండా జనం. ఆటో సీటు నుంచి ఆసుపత్రి మెట్ల దాకా రక్తం చారలు కట్టిందని ప్రమీల చెప్పడం విన్నాను. "బీరువా తాళం," అని డాక్టరు గారు కేకేశారు. తాళంచెవి దొరకలేదు. ఎలా దొరుకుతుంది, దసరా నుంచి దసరాకి తీసే తాళం! ఆఖరికి సెలైన్ స్టాండు ఊడబీకి దాంతో తాళం పగలగొట్టారు. నా మీటరు మీద పోయిన దసరా కుంకుమ ఎండి పొడిపొడిగా ఉంది. గొట్టం వాడక వాడక బీటలు తీసింది. ప్రమీల దానికి ప్లాస్టరు చుట్టింది. స్విచ్ వేశారు. తిరుగుతానో లేదో అని నాకే భయమేసింది. తిరిగాను.

ఒక మాట ఒప్పుకోవాలి. చక్రధరరావు గారి చెయ్యి చాలా మంచిది. తొణకలేదు, బెణకలేదు, అంత రక్తంలోనూ ఎక్కడ ఆగాలో అక్కడ ఆగింది. ఆ చెయ్యి చూసేసరికి నా ఒళ్లు ఇంకా మండిపోయింది. ఇంత పనితనం పెట్టుకుని ఈ మనిషి ఇన్నాళ్లూ దాన్ని జేబులో దాచుకున్నాడా! రెండో నెలలో, ఆమె తన కాళ్ల మీద నడిచొచ్చిన రోజున, ఇదే చెయ్యి, ఇదే నేను. టీ తాగి బస్సుకి ఇంటికి పోయేది.

గురమ్మ బతికింది. జిల్లా ఆసుపత్రికి తీసుకెళ్లి ఎవరెవరి రక్తమో ఎక్కించారు. లోపల చీము పట్టి గర్భసంచే తీసేయాల్సి వచ్చింది. చాన్నాళ్లకి నెత్తురు పట్టే మాత్రల కోసం మా ఆసుపత్రికి వచ్చింది. బీరువాకి ఇంకా కొత్త తాళం రాలేదు, తలుపు వారగా తెరిచే ఉంది. తడిక సందులోంచి ఆమెని మొదటిసారి నిండుగా చూశాను. చిన్నమనిషి. ఎండిన కొమ్మలా ఉన్నాయి చేతులు. అత్త భుజం ఆసరాగా పట్టుకుని కూర్చుంది.

"బాబూ, ఒక మాట అడుగుతాను," అంది గురమ్మ. "ఆ రోజు ఎవులు సంతకం ఎట్టినారు?"

డాక్టరు గారు రాస్తున్నది ఆపారు. "ఆ రోజు సంతకాలకి టైమెక్కడిదమ్మా. ప్రాణం మీదికొచ్చింది కదా."

"మొదట నడిసొచ్చినపుడు నాకు పేనం నేదా బాబూ?"

గొంతు పెంచలేదు. నిజంగా తెలుసుకుందామన్నట్టే అడిగింది. డాక్టరు గారు కళ్లజోడు తీసి తుడుచుకున్నారు. మళ్లీ పెట్టుకుని మాత్రలు రాశారు. రాసిన చీటీ ఎర్రమ్మ అందుకుంది. అత్తాకోడళ్లు ఒకరి చెయ్యి ఒకరు పట్టుకుని మెల్లగా వెళ్లిపోయారు.

ఆ ప్రశ్న ఆయన మీద పని చేస్తుందని ఆశపడ్డాను. అబద్ధం ఎందుకు, చాలా ఆశపడ్డాను. ఆ వారంలోనే ఆయన నాకు కొత్త గొట్టం తెప్పించారు, మోటారుకి నూనె వేయించారు. ఇక తలుపు మూయరనే అనుకున్నాను.

ఈ ఉదయం దసరా. ప్రమీల నన్ను తళతళలాడేలా తుడిచింది. పసుపు రాసి, ఎప్పటికంటే పెద్ద బొట్టు పెట్టింది. గురమ్మని బతికించిన యంత్రమని బంతిపూల దండ కూడా వేసింది. డాక్టరు గారు కొబ్బరికాయ కొట్టి కళ్లు మూసుకుని చాలాసేపు నిలబడ్డారు. తర్వాత నన్ను లోపల పెట్టి, కొత్త తాళం వేశారు.

కుంకుమ ఇంకా తడారలేదు. తడిక అవతల ఎవరో ఆడమనిషి కుర్చీ లాక్కుని కూర్చుంది. గొంతు తగ్గించి ఏదో చెప్పింది. నేను వింటున్నాను.

"మీ ఆయన వచ్చాడామ్మా?" అన్నారు డాక్టరు గారు.