పైకి చూపిన వేలు

ఆ వీధిలో బట్టలు కుట్టే అక్క నోరు పెద్దదని అందరికీ తెలుసు. కొలత తప్పిందని వచ్చినవాళ్లతో ముందు తనే దెబ్బలాడి, ఆ తర్వాత కూర్చోబెట్టి టీ ఇచ్చి, ఊరికే సరిచేసి పంపే రకం. ఎవరైనా మాటవరసకి "చెవిటివాడి ముందు శంఖం ఊదినట్టు" అన్నారంటే మాత్రం కత్తెర టక్కున బల్ల మీద పెట్టేది.

"ఊదేవాడికి బుద్ధి లేకపోతే అది చెవిటివాడి తప్పా?" అనేది.

అన్నవాళ్లు నాలిక కరుచుకునేవాళ్లు. లోపలి గదిలో చెక్కకి చిత్రిక పడుతున్న తమ్ముడు వాళ్లకి అప్పుడు గుర్తొచ్చేవాడు.

తమ్ముడికి పుట్టినప్పటినుంచి వినపడదు. నలభై దాటినా అతను బడి ముఖం చూసింది మూడు నెలలే. ఏడేళ్లప్పుడు ఒక బడిలో వేస్తే, చేతులు కదిపితే మాట రాదని అక్కడి మాస్టారు రెండు చేతులూ తొడల కింద పెట్టించి, తన పెదాలు చూసి పలకమనేవాడు. వినని మాటని పిల్లవాడు ఎలా పలుకుతాడు? మూడో నెలలో "వీడికి బుర్ర లేదండీ, మీ పనే ఏదో నేర్పించుకోండి" అని పంపేశారు. తండ్రి వడ్రంగి. రంపం, ఉలి చేతికిచ్చాడు. ఆ బుర్ర లేనివాడు పన్నెండేళ్లకే తండ్రికంటే ఒద్దికగా తలుపు బిగించేవాడు.

ఇంట్లో అతనితో మాట్లాడేది అక్క ఒక్కతే. వాళ్లిద్దరూ కల్పించుకున్న సైగలు ఓ నలభై ఉంటాయి. సూది లాగినట్టు చేస్తే అక్క. మీసం మెలితిప్పితే బావ. ఎడమ మణికట్టు మీద రెండు వేళ్లు ఆనిస్తే అమ్మ, ఎందుకంటే అక్కడ ఆమెకి ఇస్త్రీపెట్టె కాలిన మచ్చ ఉండేది. తిను, పడుకో, వాన, వేడి, జాగ్రత్త. కంటికి కనిపించేవాటికి సైగలున్నాయి. నిన్నకి లేదు, రేపటికి లేదు, ఎందుకు అన్నదానికి అసలే లేదు.

"మీ భాషకి ప్రపంచం మొత్తం మీద జనాభా ఇద్దరు," అని నవ్వేవాడు బావ.

"నువ్వూ చేరితే ముగ్గురం అవుతాం కదా!"

"నా మీసానికి ఓ మాట ఇచ్చారుగా, అది చాల్లే."

తమ్ముడికి ఎక్కడ పని దొరికినా అక్క వెంట వెళ్లేది. కొలతలు, గడువు, ఎలాంటి చెక్క కావాలో అన్నీ తనే మాట్లాడి, వచ్చి అతనికి చూపించేది. అలాగే ఒకరోజు వినపడని పిల్లల బడి నుంచి కబురొస్తే ఇద్దరూ వెళ్లారు. అరవై బెంచీలు, పద్నాలుగు కిటికీలు బాగుచేయాలి.

వాళ్లు వెళ్లేసరికి పిల్లలు భోజనాల గదిలో ఉన్నారు. అక్క గుమ్మంలోనే ఆగిపోయింది. గదినిండా చేతులు. కంచాల మీదుగా, బల్లల మీదుగా, ఒకళ్ల భుజాల మీదుగా ఇంకొకళ్లు మాట్లాడేసుకుంటున్నారు. ఒకమ్మాయి ఏదో చెప్పింది, అవతలి బల్ల దగ్గరవాళ్లంతా పగలబడి నవ్వారు. ఇద్దరు పోట్లాడుకుంటున్నారు. ఒక పిల్ల చాడీలు చెబుతోంది. చాడీలన్న సంగతి అక్కకి ముఖం చూడగానే తెలిసిపోయింది.

తమ్ముడు చేతిలోని పనిముట్ల సంచి కింద పెట్టేశాడు. కళ్లు ఎటు తిప్పాలో తెలియక తిప్పుతున్నాడు.

బడి నడిపే పెద్ద టీచరమ్మకి వినపడుతుంది. పాఠాలు చెప్పే టీచరమ్మకి మాత్రం వినపడదు. ఆమె చేతులు చూసి అక్క 'చేతుల టీచరమ్మ' అని పేరు పెట్టుకుంది. ఆమె తమ్ముడిని చూసి ఏదో అడిగింది. అతను తెల్లముఖం వేశాడు. అక్క గబగబా నోటితో చెప్పబోయింది. టీచరమ్మ మర్యాదగా నవ్వి పెద్ద టీచరమ్మ వైపు చూసింది. ఊరందరి ముందూ గలగలా పారే నోరు, అక్కడ మూగబోయింది. అక్కకి అది జీవితంలో మొదటిసారి.

పని మొదలైంది. పిల్లల్లో ఎనిమిదేళ్ల పిడుగు ఒకతి ఉంది. పిడుగు అన్న పేరు కూడా అక్క పెట్టిందే. విరామం దొరికితే చాలు, వచ్చి చెక్కల మీద కూర్చునేది. సుత్తి చూపించి ఒక సైగ, మేకు చూపించి ఒక సైగ, బెంచీకి ఒకటి. తమ్ముడు అద్దంలా అన్నీ తిరిగి చేసేవాడు. మర్యాదకి చేస్తున్నాడే తప్ప, అవెందుకో అతనికి తెలియదు. చేతుల టీచరమ్మ కూడా సాయంత్రాలు ఓ గంట కూర్చుని చూపించేది. మూడు వారాలు గడిచాయి. ఏమీ జరగలేదు.

నాలుగో వారంలో అక్క భోజనం క్యారియర్ పట్టుకుని వెళ్లిన మధ్యాహ్నం, తమ్ముడు నిచ్చెన మీద కిటికీ చట్రం బిగిస్తున్నాడు. సుత్తి చెయ్యి జారి సామాన్ల మధ్యలో పడింది. కింద పిడుగు ఉంది. అతను వేలు పెట్టి చూపించాడు. పిడుగు పటకారు అందించింది. కాదని తలూపి మళ్లీ చూపించాడు. టేపు అందించింది. కావాలనే చేస్తోందని అక్కకి అర్థమైంది. తమ్ముడు విసుగ్గా, వేరే దారి లేక, మూడు వారాలుగా చేస్తున్న ఆ సుత్తి సైగ చేశాడు.

పిడుగు సుత్తి తెచ్చి చేతిలో పెట్టింది.

అతను సుత్తిని చూశాడు. తన చేతిని చూసుకున్నాడు. సుత్తి పక్కన పెట్టి, మేకు సైగ చేశాడు. మేకు వచ్చింది. నిచ్చెన దిగాడు. చుట్టూ చూసి, ఆ గదిలో లేని వస్తువు కోసం కాస్త ఆలోచించి, బెంచీ అన్నాడు చేతులతో. పిడుగు పరుగెత్తుకెళ్లి పక్క గదిలోంచి, ఇంకో ఇద్దరు పిల్లల్ని సాయం పట్టుకుని, బెంచీని ఈడ్చుకుంటూ వచ్చింది.

కంటి ముందు లేనిది రమ్మంటే వచ్చింది! తమ్ముడు ఆ బెంచీ మీద కూలబడిపోయాడు. ఏం జరిగిందో పూర్తిగా తెలియకపోయినా, ఏదో పెద్దదే జరిగిందని అక్కకి తెలిసింది.

ఆ తర్వాత అతన్ని పట్టుకోవడం ఎవరి తరం కాలేదు. గోడ, తలుపు, చెట్టు, చెప్పు, అన్నీ చూపిస్తూ బడంతా తిరిగాడు. చివరికి తన గుండె మీద చెయ్యి పెట్టుకుని పిడుగు వైపు చూశాడు. నేను? పిడుగు బుగ్గ మీద వేలు పెట్టుకుని ఆలోచించి, చెవి వెనక పెన్సిలు దోపుకున్నట్టు చేసింది. అతనెప్పుడూ పెన్సిలు అక్కడే దోపుకుంటాడు మరి. వీధిలో 'మూగోడు' అనే మాట తనని గురించేనని కూడా తెలియనివాడికి, ఆ మధ్యాహ్నం ఒక పేరు వచ్చింది.

బెంచీల పని అయిపోయినా అతను బడికి వెళ్లడం మానలేదు. రోజూ సాయంత్రం స్నానం చేసి, తల దువ్వుకుని మరీ వెళ్లేవాడు. ఇంటికొచ్చి అక్కకి ఏవేవో చెప్పబోయేవాడు. ఆమెకి సగం కూడా అర్థమయ్యేది కాదు. కొన్నాళ్లకి చెప్పడం తగ్గించాడు. అక్కకి సంతోషం వేసింది, దాని వెనకే కడుపులో ముల్లు కూడా దిగింది. నలభై ఏళ్లు కంటికి రెప్పలా చూసుకున్న తమ్ముడు ఎవరో ఎనిమిదేళ్ల పిల్లతో నవ్వుతున్నాడు, తనతో కాదు.

ఆ ముల్లుతోనే ఒకరోజు బడికి వెళ్లింది. "ఇంక చాల్లెండమ్మా. ఇన్నాళ్లూ నేను చూసుకోలేదా? మా ఇద్దరికీ మా సైగలు చాలు," అంది, దెబ్బలాటకి సిద్ధపడి.

పెద్ద టీచరమ్మ ఆ మాటల్ని చేతుల్లోకి మార్చి చెప్పింది. చేతుల టీచరమ్మ చాలాసేపు జవాబిచ్చింది. పెద్ద టీచరమ్మ దాన్ని మాటల్లో పెట్టింది:

"మీ తమ్ముడి వయసున్న చెవిటివాళ్లని చాలామందిని చూశానంటున్నారు ఈవిడ. ఒక్క సైగా లేకుండా, మూల కూర్చోబెట్టి పెంచినవాళ్లకి ఇంత ఆలస్యంగా మాట నేర్పడం చాలా కష్టమట. మీ తమ్ముడు మనిషి ముఖం చూస్తాడు, అడిగింది చేస్తాడు, నవ్విస్తాడు. ఆ నలభై సైగలే పునాది అంటున్నారు. మీ దగ్గర నేర్చుకున్నదాని మీదే మేం గోడ కడుతున్నామని, మీకు దండం పెట్టాలని అంటున్నారు."

"మరి నాకెవరు నేర్పుతారు?" అంది అక్క.

శనివారాలు ఇంట్లోవాళ్లకి క్లాసు ఉంది. అక్క చేరింది. నెల తిరిగేసరికి బావ కూడా, మీసం సైగ మార్పించుకుంటానన్న వంకతో, వచ్చి వెనక బెంచీలో కూర్చున్నాడు.

ఏడాది గడిచింది. ఒక ఆదివారం మధ్యాహ్నం అక్క గుండీలు కుడుతోంది. తమ్ముడు వచ్చి ఎదురుగా కూర్చుని, ఆమె చేతిలోని సూది తీసి సూదుల దిండుకి గుచ్చాడు. మణికట్టు మీద రెండు వేళ్లు ఆనించాడు.

"అమ్మ ఎందుకు వెళ్లిపోయింది?"

అక్కకి అర్థం కాలేదు. "చనిపోయింది," అంది చేతులతో.

"నాన్న చనిపోయాడు. నేను చూశాను. అమ్మని చూడలేదు. నన్ను పక్కింట్లో ఉంచారు. వచ్చి అడిగితే, నువ్వు ఇలా అన్నావు." అతను వేలు పైకి చూపించాడు.

అక్క చేతులు ఒళ్లో పడిపోయాయి. నిజమే. అప్పుడు తనకి పదిహేనేళ్లు, వాడికి తొమ్మిది. ఏం చెప్పాలో తెలియక ఆకాశం చూపించింది, అందరూ చూపించినట్టే.

"రోజూ డాబా ఎక్కి చూశాను," అన్నాడు. "చాలా ఏళ్లు."

చిన్నప్పుడు వాడు సాయంత్రం కాగానే డాబా ఎక్కేవాడు. పావురాల కోసమని ఇంట్లో అందరూ అనుకున్నారు.

"ఆ రోజు పొద్దున్న నాన్న రంపంతో అమ్మ స్టూలు కాలు కోసేశాను. అమ్మ కొట్టింది. కోపం వచ్చి వెళ్లిపోయింది. నేను స్టూలు బాగుచేసి గుమ్మంలో పెట్టాను. రాలేదు."

అక్క లేచి అతని పక్కన కూర్చోబోయింది. పక్కన కూర్చుంటే చేతులు కనబడవని గుర్తొచ్చి, మళ్లీ ఎదురుగానే కూర్చుంది. ఏడుపు ఆపుకుని, తప్పులు పోతున్నా ఒక్కొక్క సైగే చేసింది.

"కోపం లేదు. కడుపులో నొప్పి. పేగు పగిలింది. ఆస్పత్రిలో డాక్టరు కోశాడు. బతకలేదు. నీ వల్ల కాదు. స్టూలు వల్ల కాదు."

అతను కదలకుండా చూస్తున్నాడు.

"బండి ఎక్కేటప్పుడు నీకోసం వెతికింది. నువ్వు ఎక్కడో దాక్కున్నావు. 'సాయంత్రానికి వచ్చేస్తానని వాడికి చెప్పు' అంది నాతో. నాకు చెప్పడం రాలేదు. మనకి సాయంత్రానికి సైగ లేదు."

తమ్ముడు ఆ చివరి మాటల్ని మళ్లీ చెప్పమన్నాడు. చెప్పింది. ఇంకోసారి అడిగాడు. మళ్లీ చెప్పింది. సాయంత్రానికి వచ్చేస్తాను, వాడికి చెప్పు. మూడోసారికి అతని భుజాలు కుంగిపోయాయి. తొమ్మిదేళ్ల పిల్లవాడిలా వెక్కివెక్కి ఏడ్చాడు. అక్క అతని తల ఒళ్లో పెట్టుకుంది.

లేచాక ముఖం కడుక్కుని వచ్చి, "అమ్మ పేరేంటి?" అని అడిగాడు. అక్క వేళ్లతో ఒక్కొక్క అక్షరం చూపించింది. అతను దాన్ని, బడిలో నేర్చుకున్న అక్షరాలతో, చెక్కముక్క మీద పెన్సిలుతో రాసి, సరిగ్గా ఉందా అని చూపించాడు. ఒక గుడి తప్పింది. దిద్దుకున్నాడు.

ఇప్పుడు ఆ బడిలో పెద్ద పిల్లలకి వడ్రంగం నేర్పేది తమ్ముడే. పిల్లల చేతులు తొడల కింద ఉండవు. ఉలి పట్టుకుంటాయి, లేదా మాట్లాడుకుంటాయి. రెండూ ఒకేసారి చేసేవాళ్లని మాత్రం గట్టిగా మందలిస్తాడు.

పోయిన శనివారం ఒక జంట రెండేళ్ల బాబుని ఎత్తుకుని వచ్చారు. బాబుకి వినపడదని తెలిసి పది రోజులైందట. ఆ తల్లి ఎవరిని అడగాలో తెలియక, వరండాలో కూర్చున్న అక్కని అడిగింది.

"వీడితో ముందు ఏం మాట్లాడాలండీ?"

అక్క బాబు అరచేతిని తన చేతిలోకి తీసుకుంది. "ముందు వీడికి మీ అందరి పేర్లూ చెప్పండమ్మా," అంది. "ఎవరైనా ఇంట్లోంచి బయటికి వెళ్తే, ఎక్కడికి వెళ్లారో, ఎప్పుడొస్తారో చెప్పండి. ఎలా చెప్పాలో ఇక్కడ నేర్పుతారు. నాకు యాభై దాకా తెలియలేదు, మీరు రెండేళ్లకే వచ్చారు. అదృష్టవంతులు."

తల్లి ముఖంలో భయం ఇంకా పోలేదు గానీ, బాబుని అక్క ఒళ్లో కూర్చోబెట్టింది. లోపల క్లాసు మొదలవుతోందని చేతుల టీచరమ్మ లైటు ఆర్పి వెలిగించింది. బాబుని ఎత్తుకుని ముగ్గురూ లేచి లోపలికి వెళ్లారు.