పెద్దాయనా, నీలం ఫ్యూజూ

పళ్ళ డాక్టర్ తన ఆసుపత్రిని ఒక ఊరి నుంచి మరో ఊరికి మార్చుకున్న రోజున సామానంతా లారీ ఎక్కింది. ఒక్క పెద్దాయన మాత్రం ఎక్కలేదు.

పెద్దాయన అంటే చేప. పేషెంట్లు కూర్చునే గదిలో గాజు తొట్టెలో ఏళ్ళ తరబడి కాపురమున్న నారింజరంగు చేప. జానెడు పొడవు, ముందుకు సాగిన కింది పెదవి, అప్పు ఇచ్చినవాడిలా గుడ్లురిమి చూసే చూపు. పన్ను పీకించుకోవడానికి వచ్చి వణికిపోయేవాళ్ళు ఆయన వంక చూసి తమ వణుకు మరచిపోయేవాళ్ళు. లారీ కుదుపులకు ఆయన ప్రాణం మీదికి వస్తుందని డాక్టర్ భయం. అందుకని మూతకు చిల్లులు పెట్టిన ప్లాస్టిక్ డబ్బాలో నీళ్ళు పోసి, పెద్దాయనను అందులోకి దించి, కారు వెనక సీట్లో బెల్టు కట్టి కూర్చోబెట్టారు. నీళ్ళలోకి గాలి ఊదడానికి చిన్న పంపు ఒకటి. దాని వైరు ముందు సీట్ల మధ్యగా వచ్చి, కారులో ఫోను ఛార్జింగ్ పెట్టుకునే సాకెట్లోకి దూరింది.

"గాలి ఆగకూడదు. ఏం జరిగినా సరే, గాలి మాత్రం ఆగకూడదు," అని భార్యకు చెప్పి డాక్టర్ లారీ ఎక్కాడు. పళ్ళు పీకే కుర్చీని హమాలీల చేతుల్లో వదిలేయడానికి ఆయనకు మనసొప్పలేదు.

కారు నడిపేది డాక్టర్ భార్య. ఆమె బడిలో లెక్కలు చెబుతుంది. పక్క సీట్లో ఆమె ఆడపడుచు. డాక్టర్ చెల్లెలు, బ్యూటీ పార్లర్ నడుపుతుంది. సర్దుడులో సాయానికని పార్లర్ మూసి వచ్చింది. ఆడబిడ్డ అర్ధమొగుడు అంటారు గానీ, ఈమె పావు మొగుడు కూడా కాదు. ఎప్పుడో చుట్టపుచూపుగా వస్తుంది, వదిన కనుబొమ్మల వంక జాలిగా చూస్తుంది, వెళ్ళిపోతుంది. ఇద్దరి మధ్యా తగువు లేదు. చనువూ లేదు. ఇంత దూరం ఇద్దరే కలిసి ప్రయాణం చేయడం ఇదే మొదలు. ఏం మాట్లాడాలో తెలియక వదిన కారు నడిపింది. ఏం మాట్లాడకూడదో తెలియక ఆడపడుచు రేడియో పెట్టింది.

ఊరు దాటాక ఆడపడుచు బ్యాగులోంచి పొట్టి కెటిల్ ఒకటి తీసింది. కారు సాకెట్లో పెడితే నీళ్ళు కాగుతాయట.

"వదినా, టీ తాగుదామా?"

"సాకెట్ ఒక్కటే కదా. పెద్దాయన గాలో?"

"అయిదు నిమిషాలు! ఆయనేం యోగి కాడు గానీ, ఆ మాత్రం ఊపిరి బిగబట్టలేడా?"

వదిన వద్దనాలనుకుంది. కానీ పొద్దుట్నుంచి గొంతు తడి చేసుకోలేదు. పైగా వద్దంటే ఆ మాట అత్తింట్లో ఎన్ని నోళ్ళు మారుతుందో తెలియదు. "కానీ, తొందరగా," అంది.

ఆడపడుచు పంపు ప్లగ్గు పీకి కెటిల్ ప్లగ్గు గుచ్చింది. ఎక్కడో డాష్‌బోర్డు లోపల "టప్" అంది. అంతే. కెటిల్ మీద ఎర్రలైటు వెలగనే లేదు. గబుక్కున కెటిల్ పీకి, పంపు పెట్టింది. పంపు మూగనోము పట్టింది. అటు తిప్పి, ఇటు తిప్పి, ఊది, ఒకటి తట్టి చూసింది. ఉలుకూ పలుకూ లేదు.

వదిన రోడ్డు పక్కనున్న గోడౌను నీడకు కారు తీసి ఇంజన్ ఆపింది. డబ్బా మూత తీసి చూస్తే పెద్దాయన మామూలుగానే ఉన్నాడు. కాకపోతే కింది పెదవి మరికాస్త సాగినట్టనిపించింది.

"ఎవరు చేసిన పనో ఆయనకు తెలుసు," అంది వదిన.

"నన్నెందుకంటావు వదినా? సరే అన్నది నువ్వు కాదూ?"

"టీ అన్నది నువ్వు."

"తాగుతానన్నది నువ్వూ!"

తిలా పాపం తలా పిడికెడు అనుకుంది వదిన. ముందు డాక్టరుకు ఫోను చేద్దామనుకుంది. చేస్తే ఆయన లారీని నడిరోడ్డు మీద వెనక్కి తిప్పిస్తాడు. ఫోను బ్యాగులో పడేసింది.

"నువ్వు నీళ్ళు గిలక్కొట్టు," అంది. "గ్లాసుతో ముంచి పైనుంచి పొయ్యి. నీళ్ళు పైనుంచి పడితే గాలి కలుస్తుంది. నేను ఫ్యూజు సంగతి చూస్తాను."

"నీకు ఫ్యూజు మార్చడం వచ్చా?"

"రాదు."

ఆ ఒక్క మాటతో ఆడపడుచుకు వదిన మీద మొదటిసారి గౌరవం లాంటిది కలిగింది. రానిదాన్ని రాదని చెప్పేవాళ్ళు వాళ్ళ పుట్టింట్లో ఒక్కరూ లేరు. వెనక సీట్లో మోకాళ్ళ మీద కూర్చుని, పాలు చల్లార్చినట్టు నీళ్ళెత్తి పోయసాగింది. ఒక్కో పోతకూ పెద్దాయన పక్కకు తప్పుకుని, మళ్ళీ వచ్చి, ఆమె ముఖంలోకి ఎగాదిగా చూశాడు.

వదిన కారు తలుపు తెరిచి, నేల మీద గొంతుక్కూర్చుని, తల స్టీరింగు కిందికి దూర్చింది. వెతగ్గా వెతగ్గా అగ్గిపెట్టె సైజు మూత ఒకటి చేతికి తగిలింది. గోరు పెట్టి లాగితే ఊడి వచ్చింది. లోపల బడిలో పిల్లల్లా బారులు తీరి కూర్చున్న రంగురంగుల ఫ్యూజులు. ఎరుపు, నీలం, పసుపు. మూత వెనక బొమ్మలు అచ్చువేసి ఉన్నాయి. హారను బొమ్మ, లైటు బొమ్మ, పాట బొమ్మ, పొగ వదులుతున్న సిగరెట్ బొమ్మ.

"సిగరెట్టెందుకు వేశాడు?" అని వదిన పైకే అనుకుంది.

"కార్లో తాగొద్దని కాబోలు," అంది వెనక నుంచి ఆడపడుచు.

"తాగొద్దనడానికి ఫ్యూజెందుకే?" అని వదిన ఒక్క క్షణం ఆగి, "ఒసే, సాకెట్ అదే! వెనకటికి దాంట్లోనే సిగరెట్ ముట్టించుకునేవాళ్ళు!" అంది.

'ఒసే' అన్నందుకు తానే నాలుక్కరుచుకుంది. పెళ్ళయి ఇన్నేళ్ళలో ఆడపడుచును ఆ పిలుపు ఎన్నడూ పిలవలేదు. వెనక సీట్లో నీళ్ళు పోసే చప్పుడు ఆగి, మళ్ళీ మొదలైంది.

ఆ బొమ్మకు ఎదురుగా ఉన్నది నీలం ఫ్యూజు, దాని నెత్తిన పదిహేను అని అంకె. ఇక దాన్ని పీకడం. వదిన వేళ్ళు ఆ ఇరుకులో పట్టలేదు. పట్టినా జారిపోయింది. కోపమొచ్చి ఒక తిట్టు తిట్టింది, లెక్కల క్లాసులో వాడని తిట్టు.

"జరుగు వదినా," అని ఆడపడుచు దిగింది. చేతిలో కనుబొమ్మలు తీసే ప్లక్కర్. "గ్లాసు నువ్వు పట్టుకో. ఎంత మొండి వెంట్రుకైనా దీనికి లొంగాల్సిందే. ఇదెంత!" తల లోపలికి దూర్చి, ఊపిరి బిగబట్టి, ఒక్క లాగు. కస్టమర్‌తో అన్నట్టే, "అయిపోయిందమ్మా, నొప్పి లేదు కదా," అని బయటికి వచ్చింది.

ఫ్యూజును వెలుతురుకు ఎత్తి చూశారు. గాజులాంటి నీలం ప్లాస్టిక్కులో, రెండు కాళ్ళ మధ్య ఉండాల్సిన సన్నటి తీగ తెగి, చివర్లు నల్లగా మాడి ఉన్నాయి. ఆ పెట్టెలోనే ఓ మూల, ఏ బొమ్మకూ చెందకుండా, అదే నీలం, అదే పదిహేను, కొత్తది ఒకటి గుచ్చి ఉంది. అవసరానికని కారు చేసినవాళ్ళే పెట్టారు.

"దేవుడున్నాడు," అంది ఆడపడుచు. కొత్తదాన్ని దాని చోట నొక్కింది. వదిన తాళం తిప్పి, కెటిల్‌ను డిక్కీలోకి నెట్టించి, పంపు ప్లగ్గు భక్తిగా సాకెట్లో పెట్టింది.

"టప్."

ఇద్దరూ ఒకరి ముఖం ఒకరు చూసుకున్నారు. ఆడపడుచు ముఖం ముందు పాలిపోయి, తర్వాత వెలిగిపోయింది.

"చూశావా! చూశావా వదినా! ఇప్పుడు కెటిల్ ఎక్కడుంది? డిక్కీలో! మరి ఇప్పుడెందుకు పోయింది? నా కెటిల్ కడిగిన ముత్యం!"

"ఒప్పుకున్నాను తల్లీ. ముందు నీళ్ళు పొయ్యి."

నీళ్ళు పోస్తున్నంతసేపూ ఆడపడుచు కెటిల్ గుణగణాలు వర్ణిస్తూనే ఉంది. వదిన మాత్రం ఆలోచనలో పడింది. రెండు వేర్వేరు ప్లగ్గులు పెడితే రెండుసార్లూ ఫ్యూజు పోయింది. రెంటికీ ఉమ్మడిగా ఉన్నది సాకెట్టొక్కటే. తప్పు దాంట్లోనే ఉండాలి. తాళం తీసి జేబులో వేసుకుంది. ఫోను లైటు వేసి, ఒక కన్ను మూసి, సాకెట్ గొంతులోకి చూసింది. డాక్టర్ రోజూ చేసే పనే అది. అడుగున ఏదో తళుక్కుమంది.

"ఏమే, నీ ప్లక్కర్ ఇటు తే."

ఆడపడుచు ఇవ్వలేదు. తన పనిముట్టు పరాయి చేతికివ్వని మనిషి. తానే వంగి, లోపలికి పెట్టి, మెల్లగా తిప్పి పైకి తీసింది. నలిగి, అంచులు మాడిన వెండి కాగితం ముక్క. విప్పి చూస్తే ఒకవైపు పాకం మరకలు. గింజలు వేసి చేసే, పళ్ళకు జిగురులా అంటుకునే రకం చాక్లెట్ది. అంతవరకూ ఓ పక్కకు అణిగి ఉన్న ఆ కాగితమే, పంపు పీకి కెటిల్ పెట్టడంలో కదిలి, ఆపైన ప్లగ్గు గుచ్చినప్పుడల్లా సాకెట్ రెండు కొసలనూ కలిపేసిందన్నమాట.

"నేను చాక్లెట్ తినను," అంది ఆడపడుచు. "మొటిమలొస్తాయి."

"మా ఇంట్లోకి చాక్లెట్ రానే రాదు," అంది వదిన. "మీ అన్నయ్య రానివ్వడు. నా పుట్టినరోజుకు మా బడి పిల్లలిచ్చిన డబ్బా కూడా పంచేయమన్నాడు."

"ఈ కారు ఇంకెవరు నడుపుతారు?"

జవాబు చెప్పాల్సిన పని లేకపోయింది. వదిన పక్క సీటు కింద చెయ్యి పెట్టి తడిమింది. అక్కడ అలాంటి కాగితమే ఒకటి దొరికింది. చాపకింద ఇంకొకటి. తలుపు జేబులో అద్దాలు తుడిచే గుడ్డలో మూట కట్టి మరి కొన్ని. ఊళ్ళో చిన్నాపెద్దా అందరి చేతా తీపి మానిపించిన మనిషి! ఇంటిదొంగను ఈశ్వరుడైనా పట్టలేడంటారు. ఈ దొంగను మాత్రం ఇద్దరు ఆడవాళ్ళూ, ఒక ప్లక్కరూ కలిసి పట్టారు.

వదినకు కోపం రావలసింది. నవ్వొచ్చింది. ఆడపడుచు అప్పటికే కారు మీద చెయ్యి ఆనించి పొట్ట పట్టుకుంది. "చిన్నప్పుడు బెల్లండబ్బాలో చెయ్యి పెట్టి నా పేరు చెప్పేవాడు వదినా! నేను తన్నులు తినేదాన్ని!"

"మరి నాకెప్పుడూ చెప్పలేదేం?"

"నువ్వెప్పుడూ అడగలేదుగా!"

నవ్వు ఆగాక అసలు బాధ గుర్తొచ్చింది. సాకెట్ శుభ్రమైంది గానీ, పెట్టడానికి ఫ్యూజు లేదు. చుట్టుపక్కల దుకాణం లేదు. పెద్దాయన నీళ్ళ పైకొచ్చి గుటకలు వేయడం మొదలుపెట్టాడు.

వదిన మళ్ళీ మూత వెనక బొమ్మలు చూసింది. "వేరే అంకెది పెట్టకూడదు. పదిహేనుకు పదిహేనే. నీలంవి ఇంకా రెండున్నాయి. ఒకటి హారనుది, ఒకటి రేడియోది. ఏదో ఒకటి అప్పు తెచ్చుకోవాలి."

"హారను తీసెయ్యి."

"హారను లేకుండా నేను కారు నడపను. రేడియో తీద్దాం."

"పాట లేకుండా అంత దూరమా? నేను చచ్చిపోతాను!"

"నువ్వో, పెద్దాయనో, తేల్చుకో."

ఆడపడుచు డబ్బాలోకి చూసింది. ఇంతసేపు నీళ్ళు పోసినందుకేమో, ఆ గుడ్లురిమే ముఖం మీద ఆమెకు మమకారం పుట్టింది. ఒక నిట్టూర్పు విడిచి, ప్లక్కర్ పట్టుకుని మళ్ళీ స్టీరింగు కిందికి దూరింది. రేడియో ఫ్యూజు వచ్చి సిగరెట్ బొమ్మ ఎదురుగా కూర్చుంది. వదిన తాళం తిప్పింది. ఈసారి ఇద్దరూ కళ్ళు మూసుకున్నారు.

"బుర్ర్ర్..." అంది పంపు. డబ్బా అడుగు నుంచి బుడగలు ముత్యాలసరంలా పైకి లేచాయి. పెద్దాయన ఆ బుడగల మధ్యకు వెళ్ళి నిలబడి, ఇంత జాప్యమెందుకైందన్నట్టు తోక ఒకసారి ఆడించాడు.

రేడియో పోయిన లోటు తెలియనివ్వకూడదని ఆడపడుచే పాట ఎత్తుకుంది. ఆమెకు పల్లవులు చాలా వచ్చు, చరణం ఒక్కటీ రాదు. శ్రుతి ఒకవైపూ, ఆమె గొంతు మరొకవైపూ వెళ్ళాయి. హారను తీసేసి ఉండాల్సిందని వదిన రెండుమూడు చోట్ల అనుకుంది గానీ, ఊరు దగ్గరపడేసరికి తానూ పల్లవి అందుకుంది.

కొత్త ఆసుపత్రి ముందు లారీ అప్పటికే ఖాళీ అయి ఉంది. డాక్టర్ ఎదురొచ్చి, భార్యను దాటి, చెల్లెలిని దాటి, వెనక సీటు తలుపు తెరిచాడు. "గాలి ఆగలేదు కదా?"

"పెద్దాయన భేషుగ్గా ఉన్నాడండీ," అంది వదిన.

అందరూ కలిసి తొట్టెలో నీళ్ళు నింపి ఆయనను దించారు. లోపలి గదిలో కొత్త సున్నం వాసన. మధ్యలో కుర్చీ బిగించి ఉంది.

"అన్నయ్యా, కుర్చీ సరిగ్గా పనిచేస్తోందా? ఒకసారి కూర్చుని చూపించు," అంది ఆడపడుచు.

డాక్టర్ సంబరంగా ఎక్కి కూర్చున్నాడు. ఆమె నెత్తి మీది దీపం వెలిగించింది. "ఆఁ అను." ఎందుకో తెలియకుండానే ఆయన "ఆఁ" అన్నాడు. వదినా ఆడపడుచూ తలలు ఆనించుకుని లోపలికి చూశారు. కుడివైపు చివరి పన్నులో, ఆవగింజంత నల్లటి గుంట.

వదిన గుడ్డ మూట విప్పి, వెండి కాగితాలన్నీ ఆయన ఒళ్ళో పోసింది. డాక్టర్ నోరు తెరిచింది తెరిచినట్టే ఉండిపోయింది.

"ఎవరి పన్ను వాళ్ళు బాగుచేసుకోలేరు కదా వదినా?"

"లేరు. వీధి మలుపులో ఇంకో పళ్ళ డాక్టర్ బోర్డు చూశాను. పొద్దున్నే మనమిద్దరం తీసుకెళ్దాం."

"అతనా!" అని డాక్టర్ లేవబోయాడు.

వదిన కాలితో పెడల్ నొక్కింది. కుర్చీ మెల్లగా వెనక్కి వాలింది.